తువ్వాలుతో ఊరేగింపు

ఆ గురువారం మధ్యాహ్నం మహ్‌జూబా చేతిలోంచి నల్లసబ్బు గిన్నె జారింది. ఒలికిన సబ్బు మీద హాజ్జా బతూల్ కాలు వేసింది. కాలు వేసిన హాజ్జా బతూల్, హమ్మామ్ అనే మా ఊరి స్నానాల ఇంట్లో, నడిమి గదిలో పడమటి గోడ దగ్గర్నుంచి తూర్పు గోడ దాకా, దారిలో ఉన్న బాల్చీలనూ ఒక మేనకోడలినీ వెంటబెట్టుకుని, కూర్చున్న భంగిమలోనే ప్రయాణం చేసింది. గోడ దగ్గర ఆగాక తలకు చుట్టుకున్న తువ్వాలు సర్దుకుని, "నా చోటు మార్చిందెవరు?" అని అడిగింది.

ఎవరూ నవ్వలేదు. పెళ్ళికొడుకు తల్లి జారిపడితే నవ్వకూడదన్న మర్యాద మా ఐన్ లూజ్ ఊరి ఆడవాళ్ళకు బాగానే తెలుసు. పెదాలు లోపలికి మడుచుకుని ఎవరి బాల్చీలోకి వాళ్ళం తొంగి చూసుకున్నాం. అసలు వింత అది కాదు. మహ్‌జూబా కూడా నవ్వలేదు. పైగా గబగబా వెళ్ళి వంగి, అమ్మగారూ అనడానికి మేమనే లల్లా చేర్చి, "దెబ్బ తగిలిందా లల్లా? తప్పు నాదే, ఏమీ అనుకోకండి" అంది.

అప్పుడు మాకు భయం వేసింది. మందుల కొట్టతని భార్య నా చెవిలో నోరు పెట్టి, "దీనికి ఒంట్లో బాగాలేదా ఏమిటి?" అని అడిగింది.

మహ్‌జూబా మా హమ్మామ్‌లో ఒళ్ళు రుద్దే మనిషి. మొగుడు కంచరగాడిదల మీద ఉప్పు తోలేవాడు, చిన్నవయసులోనే పోయాడు. ఆయన పోయిన ఏడాది ఎవరిదో గరుకు తొడుగు అరువు తెచ్చుకుని చేతికి వేసుకుని స్నానాల గదిలోకి వచ్చింది. మళ్ళీ బయటికి పోలేదు. బాలింతనీ, పెళ్ళికూతురినీ, మక్కా యాత్ర చేసొచ్చిన హాజ్జానీ ఒకే బలంతో రుద్దేది. ఆ బలం గురించి ఎవరికీ పేచీ లేదు, పోయిన చర్మం ఎలాగూ మళ్ళీ వస్తుంది. పేచీ అంతా నోటితోనే.

పోస్టుమాస్టరు భార్య వీపు రుద్దుతూ ఒకసారి, "మీ ఇంట్లో నీళ్ళు రావడం లేదా లల్లా, వస్తున్నా పరిచయం లేదా?" అని అడిగింది. చిక్కిపోయానని చెప్పుకు తిరుగుతున్న ఒకావిడ నడుము పట్టి చూసి, "చిక్కింది నిజమేనమ్మా, కాని ఎక్కడికీ పోలేదు, వెనక్కి వెళ్ళి దాక్కుంది" అని తేల్చింది. మాటల్లేని తోడికోడళ్ళిద్దరిని ఒకే రాతి మీద కూర్చోబెట్టి, "ముఖాలు చూసుకోనక్కర్లేదు, వీపులు రుద్దుకోండి" అని చెరో తొడుగూ ఇచ్చింది. సాయంత్రానికి ఇద్దరూ కలిసిపోయారు. కలిసిపోయి, ఇద్దరూ కలిసే మహ్‌జూబా మీద ఫిర్యాదు చేశారు.

ఫిర్యాదులు వెళ్ళే దారి ఒకటుంది. ఆడవాళ్ళు మొగుళ్ళకు చెబుతారు. మొగుళ్ళు ఎదురుగా ఉన్న కాఫీ దుకాణంలో హాజ్ మీలూద్‌కు చెబుతారు. హమ్మామ్ ఆయనది. ఆడవాళ్ళ వేళల్లో ఆయన ఆ గుమ్మం వంక చూసి ఎరగడు, అంత మర్యాదస్థుడు. అయినా ఎవరి వీపు మీద ఏ మాట పడిందో చీకటి పడేలోపల ఆయనకు పుదీనా టీతో పాటు అందిపోయేది.

ఆ వారం మొదట్లో ఆయన మహ్‌జూబాను పిలిపించి, కాఫీ దుకాణంలో అందరూ వింటూండగా, కళ్ళు నేల మీద పెట్టుకుని చెప్పాడు.

"ఇదిగో మహ్‌జూబా, ఇంక నావల్ల కాదు. ఇంకొక్క ఫిర్యాదు వచ్చిందో, నీ పీట మీద మా చెల్లెలి కూతురు సుఆద్ కూర్చుంటుంది. ఆ పిల్ల చెయ్యి మెత్తన. నోరు అంతకంటే మెత్తన."

"చెయ్యి మెత్తనైతే మురికి ఎలా వస్తుంది హాజ్?"

"చూశావా? ఇదే నేననేది."

పీట పోతే దాంతో పాటు గదీ పోతుంది. కొలిమి గోడకు ఆనుకుని, శీతాకాలంలో కూడా రొట్టెలా వెచ్చగా ఉండే చిన్న గది అది. అది పోతే కాసాబ్లాంకాలో తమ్ముడి ఇల్లు ఒక్కటే దిక్కు. అక్కడ మరదలు చక్కెర డబ్బాకు తాళం వేస్తుంది. ఇవన్నీ మహ్‌జూబా పట్టించుకోలేదు. మా గుమ్మంలో నిలబడి ఒక్క మాటే అంది. "అక్కడికెళ్ళి నేనెవరిని రుద్దను? గోడనా?"

ఆ రోజు నుంచీ ఆవిడ మర్యాదగా ఉండడం మొదలుపెట్టింది. అంత దారుణమైన వారం మా హమ్మామ్ చూసి ఉండదు. "అలాగే లల్లా", "మీ ఇష్టం లల్లా", "మీ చర్మం పట్టులా ఉంది లల్లా" అని ఆవిడ పళ్ళ మధ్యనుంచి మాట వదులుతుంటే, ఇంకా ఏవేవో మాటలు గొంతులో తోసుకుంటున్న చప్పుడు మాకు వినిపించేది. పట్టులాంటి చర్మమని అనిపించుకున్నవాళ్ళు ఇంటికెళ్ళి అద్దంలో చూసుకుని కుంగిపోయారు.

అందరికంటే కంగారు పడింది బా అల్లాల్. కింద కొలిమిలో ఆలివ్ గింజల పొట్టు వేసి మంట పెట్టే ముసలాయన. నీళ్ళు చల్లారితే గోడలో ఉన్న చిన్న కంత దగ్గర నోరు పెట్టి పైనుంచి కేక వేయాలి. ఇన్నేళ్ళుగా ఆ కంతలోంచి ఆయనకు వినబడిన పిలుపు, "ఒరేయ్ ముసలి గాడిదా, నిద్రపోయావా, చచ్చావా?" అనే. ఆ గురువారం, "బా అల్లాల్, శ్రమ అనుకోకుండా మంట కాస్త పెంచుతావా?" అని వినబడింది. కింద పార చప్పుడు ఆగింది. తర్వాత కిందనుంచి మెల్లగా, "ఎవరు పోయారు?" అన్నాడు.

ఆ రోజు తూదాకు పెళ్ళిస్నానం. తూదా తల్లి తివాచీలు నేసి ఆ పిల్లను పెంచింది. పెళ్ళికొడుకు హాజ్జా బతూల్ ఒక్కగానొక్క కొడుకు. వాళ్ళది ధాన్యం వ్యాపారం. పెళ్ళిస్నానానికి హమ్మామ్ మొత్తం వాళ్ళకే. కొవ్వొత్తులు వెలిగించి, పెళ్ళికూతురు తన చేత్తో నీళ్ళు ముట్టకుండా, అటువైపువాళ్ళూ ఇటువైపువాళ్ళూ చుట్టూ చేరి కిలకిలారావాలు చేస్తూ స్నానం చేయిస్తాం. పెళ్ళికొడుకు తల్లి దగ్గరుండి చూస్తుంది. చూడ్డానికే వస్తుంది. పిల్లను తల నుంచి కాలిదాకా, తర్వాత కాలి నుంచి తలదాకా.

హాజ్జా బతూల్ మక్కా నుంచి వచ్చినప్పటి నుంచీ ప్రపంచాన్ని దిద్దే బాధ్యత తనమీద పడిందని నమ్మింది. టీ, వాన, ఇమాముగారి గొంతు, ఏదీ ఆవిడ తనిఖీ దాటి పోయేది కాదు. ఆ రోజు ఫెజ్ పట్నం నుంచి తెప్పించుకున్న జరీ చెప్పులు వేసుకుని వచ్చింది. వాటిని అందరి చెప్పుల వరసలో విడవలేదు. గుడ్డలో చుట్టి మహ్‌జూబా పీట పైనున్న గూట్లో పెట్టించి, "ఇవి నీ ప్రాణం కంటే ఎక్కువ, తెలిసిందా?" అంది.

"నా ప్రాణానికి జరీ లేదు కదా లల్లా" అనబోయి మహ్‌జూబా ఆగింది. ఆగినట్టు మా అందరికీ కనబడింది. "అలాగే లల్లా" అంది.

బయట వీధిలో బాజావాళ్ళు సిద్ధంగా ఉన్నారు. స్నానం అయ్యాక పెళ్ళికూతురిని బాజాలతో వీధి చివరి కళ్ళం చుట్టూ తిప్పి ఇంటికి తీసుకెళ్ళడం మా వాడుక. ఆ బాజావాళ్ళకు హాజ్జా లోపలికి వచ్చేముందు వేలు చూపించి మరీ చెప్పింది.

"తలుపు తెరుచుకోగానే మోత మొదలవ్వాలి. పోయిన పెళ్ళిలో మీరు మొదలుపెట్టేసరికి పిల్ల సగం దారి వెళ్ళిపోయింది. ఎవరొస్తున్నారా అని గుడ్లప్పగించి చూశారో, పైసా ఇవ్వను. మొదలుపెట్టాక నడవడమే. వెనక్కి చూడకండి."

"మా జన్మలో వెనక్కి చూడం హాజ్జా" అన్నాడు పెద్ద డోలువాడు.

ఆ గంటలో వీధి ఎలా ఉందని తర్వాత అందరూ అడిగారు. ఎలా ఉంటుంది? రోజూలాగే ఉంది. కుక్కలు ముందే మొరిగాయని, బావుల్లో నీళ్ళు మసకబారాయని, పక్షులు వెళ్ళిపోయాయని ఊరిలో సగంమంది చూసినట్టే చెప్పారు. మా కుక్కలు ఆ పూట మొరగలేదు. నీడ చూసుకుని పడుకున్నాయి. బట్టీవాడు రొట్టెలు పొయ్యిలోకి తోస్తున్నాడు. దర్జీ ఎవరి పెళ్ళికోటుకో కాజాలు కుడుతూ, అవతలి వాడి కాజాల మీద విమర్శ చేస్తున్నాడు. కాఫీ దుకాణంలో పేకాట దగ్గర ఒకాయన దొంగాట ఆడాడని ఇంకొకాయన, ఆడలేదని ఆయన, దేవుడి మీద ఒట్లు పెట్టుకుంటున్నారు. మా ఇంటి పక్కావిడ మేడ మీద బాదంకాయలు కొడుతూ, కిందనున్న మొగుణ్ణి తిడుతోంది. రేపు చేయాల్సిన పనులన్నీ రేపటికి పెట్టుకున్నారు. ఎవరికీ ఏమీ తెలియదు.

లోపల హాజ్జా పని మొదలుపెట్టింది.

"నీళ్ళు చల్లగా ఉన్నాయి."

మహ్‌జూబా కంతలో బతిమాలింది. నీళ్ళు వేడెక్కాయి.

"ఇవేమిటి, కోడిని ముంచడానికా?"

మహ్‌జూబా చన్నీళ్ళు కలిపింది. "ఇప్పుడు చూడండి లల్లా."

"కొవ్వొత్తులు వంకరగా ఉన్నాయి. సబ్బు వాసనేస్తోంది. ఆ పిల్ల జుట్టులోంచి నురుగు సరిగా పోలేదు. ఆ చెయ్యేమిటి, మనిషిని రుద్దుతున్నావా, గిన్నె తోముతున్నావా?"

"మెల్లగా రుద్దుతా లల్లా."

అప్పుడే సబ్బు గిన్నె జారడం, హాజ్జా తూర్పు గోడకు వెళ్ళి రావడం జరిగాయి. గోడ వారగా చిన్న ముక్కాలిపీట మీద సుఆద్ కూర్చుని ఉంది. మేనమామ పంపించాడు, పని నేర్చుకోమని. తెల్లటి, మెత్తటి చేతులు ఒళ్ళో పెట్టుకుని, ఎప్పుడు ఫిర్యాదు పుడుతుందా అని పురిటిగది ముందు కూర్చున్నట్టు కూర్చుంది.

లేచిన హాజ్జాకు నడుము నొప్పి, దానికంటే ఎక్కువగా పరువు నొప్పి. ఆ నొప్పి ఎవరి మీదైనా దించాలి. మహ్‌జూబా దొరకడం లేదు, ఎంత అన్నా "అలాగే లల్లా" అంటోంది. హాజ్జా చూపు తిరిగి తిరిగి పెళ్ళికూతురి మీద పడింది. దగ్గరికి వెళ్ళి పక్క రాతి మీద కూర్చుని, తూదా ఎడమ చెయ్యి పట్టుకుని, సంతలో గొర్రె కాలు ఎత్తినట్టు ఎత్తింది. మోచేతి కింద కాలిన మచ్చ, చర్మం ముడతలు పడి ఉంది.

"ఇదేమిటి? ఇది మాకు చెప్పలేదే?"

తూదా తల్లి ముందుకొచ్చింది. "చిన్నప్పుడు రొట్టెల పొయ్యి దగ్గర కాలింది లల్లా. ఎప్పుడో మానిపోయింది."

"మానిందో లేదో కాదమ్మా నేనడిగేది. బట్ట అమ్మేవాడు చిరుగు చూపించి అమ్మాలి. పొడుగు చేతుల జుబ్బా తొడిగి మా వాడికి చూపించారు. ఇప్పుడు నేను ఇంటికెళ్ళి మా ఆయనతో ఏం చెప్పను? ఈ పెళ్ళి మాటలన్నీ మళ్ళీ మొదట్నుంచి మాట్లాడుకోవాలి."

కిలకిలారావాలు ఆగిపోయాయి. తూదా చెయ్యి మెల్లగా వెనక్కి తీసుకుని తువ్వాలు కొంగు కప్పుకుంది. హమ్మామ్‌లో ఏడిస్తే ఎవరికీ తెలియదు, అందరి ముఖాలూ తడిగానే ఉంటాయి. అయినా తెలిసింది.

మహ్‌జూబా సుఆద్ వంక చూసింది. సుఆద్ ఆశగా ఆవిడ వంక చూసింది. అప్పుడు మహ్‌జూబా చేతి తొడుగు ఊడదీసి రాతి మీద పెట్టింది. పని మధ్యలో ఆవిడ తొడుగు తీయడం మేమెవరం ఎప్పుడూ చూడలేదు.

"లేవండి హాజ్జా."

"ఏమిటీ?"

"లేవమంటున్నా. మీ స్నానం అయిపోయింది."

"నీకేమైనా మతిపోయిందా?"

"మూడు రోజులు పోయింది, ఇప్పుడే వచ్చింది. మీ ఎడమ భుజం కింద అరచెయ్యంత మచ్చ ఉంది, గుర్తుందా? మీకు కనబడదు, పాపం, నాకు రోజూ కనబడుతుంది. మీ పెళ్ళిస్నానం నాడూ ఉంది. మీ అత్తగారు, దేవుడు ఆవిణ్ణి చల్లగా చూడాలి, మీకంటే రెండింతలు గయ్యాళి, ఇక్కడే ఈ రాతి మీదే కూర్చుని మిమ్మల్ని అటూ ఇటూ తిప్పించింది. ఆవిడ అటు వస్తే నేను ఇటు అడ్డం నిలబడ్డా. ఇటు వస్తే బాల్చీ అడ్డం పెట్టా. చిరుగు ఉందని చెప్పానా? చెప్పి ఉంటే ఈపాటికి ఎవరింట్లో ఉండేవారు మీరు?"

హాజ్జా ముఖం బీట్‌రూట్ దుంపలా అయింది. "ఫిర్యాదు చేస్తా! ఇప్పుడే, ఈ క్షణమే హాజ్ మీలూద్‌కు ఫిర్యాదు చేస్తా!"

"చేయండి. ఎదురుగానే ఉన్నాడు, పేకాట చూస్తున్నాడు. నడవండి, నేనే దిగబెడతా."

అంటూ మోచెయ్యి పట్టుకుని లాగింది. నడిమి గది దాటించింది, చల్లగది దాటించింది. "చెప్పులు! నా చెప్పులు!" అని హాజ్జా కేకలు వేస్తూనే ఉంది. "తర్వాత తీసుకోవచ్చు" అంటూ మహ్‌జూబా లాక్కుపోతూనే ఉంది.

మేమంతా వాళ్ళ వెనకాలే పరుగెత్తాం. ఆ పరుగు గురించి తర్వాత చాలా గొప్పగా రాశారు. నిజం ఏమిటంటే, ఎవరమూ ప్రాణభయంతో పరుగెత్తలేదు. తర్వాతి మాట వినబడదేమోనని పరుగెత్తాం. బట్టల గదిలో చేతికందిన పొడుగంగీ, అదే జెల్లాబా, తొడుక్కున్నాం. నా ఒంటి మీదికి వచ్చింది మందుల కొట్టతని భార్యది, ఆవిడ ఒంటి మీదికి ఎవరిది వచ్చిందో ఇప్పటికీ తేలలేదు. మహ్‌జూబా దుప్పట్లో చుట్టి తూదాను తల్లి తెచ్చింది. అందరికంటే ముందు పరుగెత్తింది సుఆద్. కిందనుంచి బా అల్లాల్ కూడా పార చేత్తో పట్టుకునే మెట్లెక్కి వచ్చాడు. మహ్‌జూబా మళ్ళీ తిడుతోందని వినబడి, చూసి పోదామని వచ్చాడు. ముసలాయన కళ్ళల్లో ఆనందబాష్పాలు.

మహ్‌జూబా తలుపు తన్నింది. తలుపు తెరుచుకుంది.

డోళ్ళు మోగాయి. సన్నాయి లేచింది.

బాజావాళ్ళను తప్పుపట్టడానికి లేదు. వాళ్ళు చెప్పింది చెప్పినట్టు చేశారు. తలుపు తెరుచుకోగానే ఎవరొస్తున్నారో చూడకుండా మోత మొదలుపెట్టి, ముందుకు తిరిగి కళ్ళం వైపు నడవసాగారు. పెళ్ళికూతురి బాజా వినగానే వీధిలో ఎవరూ ఇంట్లో ఉండరు, ఉండకూడదు, ఉంటే పిల్లకు మంచిది కాదంటారు. బట్టీవాడు పార వదిలేసి వచ్చాడు. దర్జీ సూది నోట్లో పెట్టుకుని వచ్చాడు. మేడ మీదావిడ తిట్టు సగంలో ఆపి, ఒళ్ళో బాదంపప్పులతో కిందికి పరుగెత్తుకొచ్చింది. మంచాన ఉన్న ముసలమ్మలను కూడా మనవలు మంచాలతో సహా మోసుకొచ్చారు. అందరూ గుమ్మాల్లోకి, వీధిలోకి వచ్చి, కిలకిలారావాలు చేస్తూ చూస్తే, బాజాల వెనక వస్తున్నది ఒంటికి తువ్వాలు ఒక్కటే చుట్టుకున్న హాజ్జా బతూల్.

"ఆపండ్రా!" అని అరిచింది హాజ్జా. డోలువాడికి అది "ఊపండ్రా" అని వినబడినట్టుంది, ఇంకా గట్టిగా కొట్టాడు. హాజ్జా వాణ్ణి పట్టుకుని ఆపాలని వెంటపడింది. వాడు వెనక్కి చూడడు కదా. ఆవిడ వెంట మహ్‌జూబా, మహ్‌జూబా వెంట మేము, మా వెంట వీధంతా. మర్యాద తెలిసిన మగవాళ్ళు ఆకాశం వంక చూస్తూ నడిచారు. మిగతావాళ్ళు మామూలుగానే నడిచారు.

కళ్ళంలోకి వచ్చాక గానీ డోలువాడు ఆగలేదు. హాజ్జా వాడి చేతిలోంచి కర్ర లాక్కుని, అదే ఊపులో హాజ్ మీలూద్‌ను పట్టుకుంది.

"మీ మనిషి నన్ను గెంటింది! ఊరు ఊరంతా చూసింది! ఇది ఫిర్యాదు, వింటున్నారా? అందరి ముందూ చేస్తున్నా!"

హాజ్ మీలూద్ కొంగలు ఎగురుతున్నాయేమో అన్నట్టు ఆకాశం చూస్తూ, "విన్నాను లల్లా, విన్నాను. ముందు ఎవరైనా ఆవిడకో జెల్లాబా ఇవ్వండి" అన్నాడు. తర్వాత గొంతు సవరించుకున్నాడు. "మహ్‌జూబా, నేను మొన్ననే చెప్పాను. ఇంక నీ సామాను..."

ఆ వాక్యం ఇప్పటిదాకా పూర్తి కాలేదు.

ముందు చప్పుడు వచ్చింది, నేల కింద బరువు బండ్లేవో వరసగా పోతున్నట్టు. తర్వాత కాళ్ళ కింద కళ్ళం ఎవరో పళ్ళెం ఎత్తి కుదిపినట్టు కదిలింది. నిలబడ్డ వాళ్ళందరం ఒకరి మీద ఒకరం పడ్డాం. నా కళ్ళ ముందు హమ్మామ్ గుమ్మటం, వెలుతురు కోసం పెట్టిన అద్దపు కళ్ళతో సహా, అలసిపోయిన మనిషి కూర్చున్నట్టు కూర్చుంది. దాని వెంటే బట్టీ, కాఫీ దుకాణం, మా ఇల్లు. తర్వాత దుమ్ము తప్ప ఏమీ కనబడలేదు. ఆ దుమ్ములో డోలు ఒకటి దొర్లుకుంటూ వెళ్ళి ఎక్కడో ఆగింది.

ఎగువ వీధివాళ్ళకు బాజా వినబడలేదు. వాళ్ళ గురించి నేను ఈ గొంతుతో చెప్పను.

తర్వాత డేరాలు వచ్చాయి, దుప్పట్లు వచ్చాయి, వాటి వెనకాల పత్రికలవాళ్ళు వచ్చారు. అప్పటికే మహ్‌జూబా పుణ్యాత్మురాలు అయిపోయింది. ఆవిడకు ముందే తెలుసన్నారు. హమ్మామ్‌లో కాపురముండే భూతాలు, జిన్నులు, ఆవిడ చెవిలో చెప్పాయన్నారు. పొరుగూళ్ళ నుంచి జనం వచ్చి చెయ్యి ముద్దు పెట్టుకోబోతే, "ఆ చెయ్యి సబ్బుది, కడుపులో తిప్పుతుంది" అని లాక్కునేది.

పట్నం నుంచి వచ్చిన కుర్రాడు పెన్ను పట్టుకుని కూర్చున్నాడు.

"అమ్మా, మీకు కల ఏమైనా వచ్చిందా?"

"కలెక్కడిది నాయనా, ఆ మూడు రోజులూ నిద్రే లేదు. తిట్టకుండా ఉంటే నాకు నిద్ర పట్టదు."

"పోనీ, భూమి కిందనుంచి ఏదైనా చప్పుడు..."

"హాజ్జా బతూల్ మాట్లాడుతుంటే ఇంకేం వినబడుతుంది?"

"మరి అందరినీ బయటికి ఎందుకు తీసుకొచ్చారు?"

"అందరినీ తీసుకురాలేదు. ఒకావిణ్ణి గెంటా. మిగతావాళ్ళు తమాషా చూడ్డానికి వచ్చారు."

కుర్రాడు తల ఊపి, 'వినయశీలి' అని రాసుకున్నాడు.

ఈ కథలన్నిటికీ ఎదురు నిలబడ్డది ఒక్క హాజ్జా బతూల్. కాఫీ దుకాణం మనిషిది బొగ్గు మరకల జెల్లాబా వేసుకుని, డేరా డేరాకూ వెళ్ళి చెప్పింది. "దానికి ఏమీ తెలియదు. జిన్నూ లేదు, గిన్నూ లేదు. కోపం వచ్చి గెంటింది. నా మోచెయ్యి సాక్ష్యం, ఇదిగో, ఇంకా నల్లగా ఉంది. నా జరీ చెప్పులు దాని గూట్లో సమాధి అయ్యాయి." ఊరు ఊరంతటిలో అచ్చం ఒకే మాట చెప్పినవాళ్ళు ఆ ఇద్దరే. ఆ ఇద్దరి మాటా ఎవరూ నమ్మలేదు.

తూదా పెళ్ళి డేరాలోనే అయింది, బాజా లేకుండా. ఆ చలికాలమంతా అత్తాకోడళ్ళు ఒకే డేరాలో ఉన్నారు. తూదా ఆ చేత్తోనే రాళ్ళ పొయ్యి మీద రొట్టెలు కాల్చింది. ఉప్పు తక్కువైందని హాజ్జా రోజూ అనేది. చెయ్యి గురించి మాత్రం మళ్ళీ మాట రాలేదు.

హమ్మామ్ మళ్ళీ కట్టేసరికి చాలాకాలం పట్టింది. కట్టాక హాజ్ మీలూద్‌కు చిక్కు వచ్చింది. ఇంకొక్క ఫిర్యాదు వస్తే పంపించేస్తానని పదిమందిలో అన్నాడు. ఫిర్యాదు అంతకంటే ఎక్కువమందిలో వచ్చింది. మాట తప్పని మనిషి ఆయన, ముఖ్యంగా మేనకోడలికి లాభం ఉన్న మాట. అలాగని పుణ్యాత్మురాలిని పంపించేస్తే ఊరు ఊరుకోదు. పైగా ఆవిడ చేత రుద్దించుకోవడానికి పొరుగూళ్ళ నుంచి వస్తారన్న ఆలోచన కూడా ఆయనకు వచ్చింది. ఒక దారి చూసి, మహ్‌జూబా డేరా దగ్గరికి వెళ్ళాడు.

"నువ్వో మాట అను చాలు. ఆ రోజు ఏదో వినబడింది అను. అప్పుడు హాజ్జాను గెంటడం గెంటడం కాదు, కాపాడడం అవుతుంది. ఫిర్యాదు దానంతటదే కొట్టుకుపోతుంది."

"ఏమీ వినబడలేదు హాజ్."

"ఏదో ఒకటి. చిన్న చప్పుడు."

"తూదా ఏడుపు వినబడింది. అది రాసుకోండి."

ఆయన అక్కడినుంచి హాజ్జా దగ్గరికి వెళ్ళాడు, ఫిర్యాదు వెనక్కి తీసుకోమని. "ఎందుకు తీసుకోవాలి? జరిగింది జరిగినట్టు చెప్పా" అంది హాజ్జా.

దాంతో ఆయన చేతులు కడిగేసుకున్నాడు. కొత్త హమ్మామ్ తెరిచిన రోజు పీట మీద సుఆద్ కూర్చుంది. వెనక గదిలో సుఆద్ పెట్టె పెట్టారు. మహ్‌జూబా కాసాబ్లాంకా బస్సుకు మూట కట్టుకుని, బస్సు ఇంకా రాలేదని చెప్పుకుంటూ, హమ్మామ్ ఎదురుగా అరుగు మీద కూర్చుంది. మధ్యాహ్నం బస్సు వచ్చి వెళ్ళిపోయింది. ఆవిడ చూడలేదన్నట్టు అటువైపు తిరిగింది.

మొట్టమొదటి రాతి మీద హాజ్జా బతూల్ కూర్చుంది. సుఆద్ తన తెల్లటి మెత్తటి చేత్తో ఆవిడ వీపు రుద్దింది. హాజ్జా కాసేపు ఓపిక పట్టింది. ఇటు తిరిగింది, అటు తిరిగింది. "మొదలుపెట్టవేమే?" అంది.

"అయిపోయింది లల్లా" అంది సుఆద్.

హాజ్జా లేచి, ఈసారి శుభ్రంగా జెల్లాబా తొడుక్కుని, బయటికి వచ్చి, వీధి మధ్యలో నిలబడి హాజ్ మీలూద్‌ను కేకేసింది.

"ఒళ్ళు రుద్దమంటే మీ పిల్ల నిమురుతోంది. నేనేమైనా పిల్లినా? ఇది ఫిర్యాదు. అందరూ వింటున్నారుగా? ఒక్క ఫిర్యాదు వస్తే మనిషిని పంపించేస్తారని మీరే కదా అన్నారు? పంపించండి."

హాజ్ మీలూద్ నోరు తెరిచాడు. "మరి మహ్‌జూబా మీద మీరు చేసిన..."

"అదీ ఉంది. అది ఎక్కడికీ పోదు. నేను దేన్నీ వెనక్కి తీసుకోను. కాని ఇద్దరినీ పంపించేస్తే నా వీపు ఎవరు రుద్దుతారు, మీరా?"

పేకాట దగ్గర అందరూ చీట్లు కింద పెట్టేశారు. హాజ్ మీలూద్ అలవాటుగా ఆకాశం వంక చూశాడు. అక్కడ జవాబేమీ లేనట్టుంది. అరుగు మీద మహ్‌జూబా మూట విప్పి, అట్టడుగునుంచి చేతి తొడుగు తీసుకుని, ఎవరి వంకా చూడకుండా లోపలికి వెళ్ళింది.

మేమంతా వెనకాలే వెళ్ళాం. ఎందుకు వెళ్ళామో మళ్ళీ చెప్పనక్కర్లేదు.

హాజ్జా రాతి మీద వీపు తిప్పి కూర్చుంది. ఎడమ భుజం కింద మచ్చ ఉంది, అరచెయ్యంత. మహ్‌జూబా పక్కనున్న వాళ్ళకు కనబడకుండా కాస్త అడ్డం జరిగి నిలబడి, రుద్దడం మొదలుపెట్టింది. మొదటి రుద్దుకే హాజ్జా 'అమ్మా' అని మూలిగింది. చాలాకాలం తర్వాత అసలైన మురికి వస్తున్న సుఖం అది. అయినా సుఖం ఒప్పుకునే మనిషి కాదు కదా.

"మహ్‌జూబా, ఆ రోజు కాళ్ళకు చెప్పులైనా వేసుకోనివ్వకుండా నన్ను వీధిలోకి గెంటావు. అది నేను చచ్చేదాకా మరిచిపోను."

మహ్‌జూబా చెయ్యి ఆపకుండానే అంది. "ఈసారి చెప్పులేసుకుని పోట్లాడండి లల్లా."